ఆ కల కన్నది ఏ గదిలో

కలల పుస్తకాలు చదవడం కూడా ఒక ఉద్యోగమా అని నన్ను చాలామంది అడిగారు. ఉద్యోగమే. నెల తిరిగేసరికి జీతం వచ్చేది, ఇఖామా మీద, అంటే అక్కడ ఉండటానికి ఇచ్చే కార్డు మీద, గుమాస్తా అని ఉండేది, శుక్రవారం సెలవు. డెబ్బైల చివర నుంచి దాదాపు పదేళ్ళు కువైట్లో నేను చేసింది అదే. ఇప్పుడు కడపలో, రాయచోటిలో అరబీ చదువుకున్న పిల్లలు కొందరు పాత రాతప్రతులు ఉండే గ్రంథాలయాల్లో పనికి వెళ్తున్నారు. వెళ్ళే ముందు నా దగ్గరికి వచ్చి, ఏం నేర్చుకుని పోవాలి సార్ అంటారు. జీతం సంగతి, వీసా సంగతి చెప్పేవాళ్ళు వేరే ఉన్నారు. నేను చెప్పగలిగింది ఒక చలికాలం గురించి. అందులో నేను చేసిన తప్పు ఉంది. దాన్ని పక్కన పెట్టి చెబితే ఇందులో మీకు పనికొచ్చేది ఏమీ మిగలదు.

పని

నేను ఉండేది ఫహాహీల్లో, మనవాళ్ళతో కలిసి ఒక ఇరుకు ఫ్లాటులో. పొద్దున్నే సముద్రం ఒడ్డు రోడ్డు మీద బస్సెక్కి, ఇంకో బస్సు మారి మిష్రిఫ్ చేరేవాణ్ణి. అక్కడ ఒక పెద్ద విల్లాలో ఉండేవారు మా ఉస్తాద్. బడిలో అరబీ చెప్పి రిటైరైన కువైటీ. అతిథులను కూర్చోబెట్టే దివానియా గదిని పుస్తకాలతో నింపేశారు. మధ్యయుగంలో ముస్లింలు కలల మీద రాసినవీ, గ్రీకులు రాసినవీ పక్కపక్కన పెట్టి ఒక గ్రంథం తయారుచేయాలని ఆయన పట్టుదల. అరబీ ప్రతుల ఫోటోలు చదివి, నీళ్ళు, పళ్ళు, జుట్టు, తలపాగా అని విషయం వారీగా కార్డులు రాయడం నా వంతు. గ్రీకు చదవడానికి వారానికోసారి లెబనాన్ పెద్దాయన అంతూన్ వచ్చేవారు. ఆయన గ్రీకు చూస్తూ అరబీలో చెబితే నేను రాసుకునేవాణ్ణి.

ఈ రెండు భాషల కలల చరిత్ర నాకు మొదట్లో వింతగా ఉండేది. వెయ్యేళ్ళకు పైగా అయింది, బాగ్దాదులో ఒక పాత గ్రీకు కలల పుస్తకాన్ని అరబీలోకి తెచ్చారు. గ్రీకులో దేవతలు ఉన్నచోట అరబీలో దైవదూతలు వచ్చి కూర్చున్నారు. ఆ తర్వాత కొన్నాళ్ళకు ఇదే వ్యవహారం తిరగబడింది. గ్రీకు నేల మీద ఒక క్రైస్తవుడు పెద్ద కలల పుస్తకం రాశాడు. సరుకంతా ముస్లింల పుస్తకాలది. ఆ మాట ఒప్పుకోవడం ఇష్టం లేక, ఇది హిందూ దేశపు పండితుడు చెప్పాడు, ఇది పారసీకుడు చెప్పాడు, ఇది ఈజిప్టు వాడు చెప్పాడు అని పేర్లు తగిలించాడు. అంతూన్ ఆ పుటలు చదువుతూ, ఇదిగో మీ ఊరాయన మాట్లాడుతున్నాడు విను అనేవారు. మన దేశపు విద్య గ్రీకుల దాకా పోయిందని నేను పొంగిపోయి ఫ్లాటులో అందరికీ చెప్పాను. ఉస్తాద్‌కి తెలిసి చాలాసేపు నవ్వారు. ఆ హిందూ దేశపు పండితుడు ఎన్నడూ పుట్టలేదు, మా తాతల మాటలే అతని నోట్లో పెట్టారు అన్నారు. పుస్తకంలో మన పేరు కనబడితే ముందు సంతోషపడటం, తర్వాత విచారించడం నా అలవాటు. ఆ వరస తప్పని అప్పుడే తెలిసి ఉండాల్సింది.

మతాలు వేరైనా ఆ పుస్తకాలు ఒక విషయంలో కలుస్తాయి. ఒకే కల ఇద్దరికి ఒకే అర్థం ఇవ్వదు. కన్నవాడు ఎవరు, ఏం పని చేస్తాడు, ఒళ్ళు ఎలా ఉంది, వాళ్ళ దేశంలో ఆచారం ఏమిటి, ఏ కాలంలో కన్నాడు, ఇవన్నీ అడిగాకే నోరు విప్పాలి. అంతకంటే ముందు, ఈ కలకు అసలు అర్థం చెప్పాలా వద్దా అని తేల్చుకోవాలి. ఆకలితో పడుకున్నవాడికి విందు కనిపిస్తుంది, జ్వరం వచ్చినవాడికి మంట కనిపిస్తుంది. అది ఒంటి బాధ, శకునం కాదు. గ్రీకులు ఆ రెంటికీ వేరు వేరు పేర్లు పెట్టారు. మన ముస్లిం పెద్దలు కలలను మూడు రకాలు చేశారు, దైవం నుంచి వచ్చేది, సైతాను భయపెట్టేది, మనసు తనతో తాను మాట్లాడుకునేది. వైద్యులైతే కలను నాడిలాగా చూశారు. వీటన్నిటి మీదా నేను కార్డులు రాశాను. చక్కటి చేతిరాత నాది.

సత్తిబాబు గుండు

ఉస్తాద్ కారు నడిపే సత్తిబాబుది అమలాపురం దగ్గర పల్లె. ఒకరోజు టీ తాగుతూ, మంగలి తనకు గుండు గీస్తున్నట్టు, జుట్టు కుప్పగా పడుతున్నట్టు కల వచ్చిందన్నాడు. నాకు కార్డు కళ్ళముందు మెదిలింది. గుండు మంచిదే, అప్పు తీరుతుంది, తీర్థయాత్ర ఉంటుంది అని చెప్పేశాను. అతను సంబరపడి నాకు ఇంకో గ్లాసు టీ పోశాడు.

ఉస్తాద్ విన్నారు. మీ దేశంలో గుండు ఎవరు చేయించుకుంటారని నన్ను అడిగారు. నేను ఏదో చెప్పబోతే, అతన్నే అడుగు అన్నారు.

"మాకు రెండేనండి," అన్నాడు సత్తిబాబు. "ఎంకన్నబాబు మొక్కన్నా ఉండాలి, ఇంట్లో పెద్దోళ్ళన్నా పోవాలి."

"నీకు మొక్కు ఉందా?" అని అడిగించారు ఉస్తాద్.

"ఉందండి. పాపకి జొరం తగ్గితే ఇత్తానన్నాను. తగ్గిపోయి నాలుగేళ్ళయిపోయింది. కఫీల్ సెలవియ్యట్లేదండి."

ఈ ముక్క అరబీలో ఎలా చెప్పాలో తెలియక ఆగిపోయాను. ఎందుకంటే అతని కఫీల్, అంటే వీసా ఇచ్చి పనిలో పెట్టుకున్న యజమాని, ఉస్తాదే. చివరికి చెప్పాను. ఆయన గడ్డం దువ్వుకుంటూ, కల చాలా స్పష్టంగా ఉంది, దాని అర్థం నా సంతకం అన్నారు. సత్తిబాబుకి రెండు నెలల సెలవు దొరికింది.

తర్వాత అంతూన్ గ్రీకు పుస్తకంలో అదే సంగతి చూపించారు. తల గొరిగించుకోవడం ఈజిప్టు గుడి పూజారులకు మంచిది, అది వాళ్ళ ఆచారం గనక. మిగతావాళ్ళకు చెడ్డది, ఓడలో తిరిగేవాడికైతే ఓడ మునుగుతుంది. ఆ పుస్తకం రాసినవాడు ఊరూరా తిరిగి అడిగి రాశాడు, నువ్వు ఆ పుస్తకం చూసి అడగకుండా చెబుతున్నావు అన్నారు ఉస్తాద్. నాకు అర్థమైందనుకున్నాను. నిజానికి అది నాకు తెలివైన మాటగా నచ్చింది, అంతే. నేను పాటించాల్సిన నియమంగా తలకెక్కలేదు.

కలల అర్థం చెప్పడం నీ పని కాదు, ఎవరైనా వస్తే నా దగ్గరికి తీసుకురా అని ఆ రోజే ఆయన ఖచ్చితంగా చెప్పారు.

మౌలీసాబ్

ఊరికి వెళ్ళి వచ్చాక సత్తిబాబు ఊరుకోలేదు. కలను పట్టుకుని సెలవు ఇప్పించాడని నా గురించి ఆ వీధి విల్లాల్లో పనిచేసే మనవాళ్ళందరికీ చెప్పాడు. కొందరు ఎగతాళి చేశారు, మాకూ ఒక గుండు కల రాసివ్వు అని. కొందరు నమ్మారు. నమ్మినవాళ్ళలో పక్క విల్లాలో పనిచేసే ఖాదర్‌బీ ఒకరు. రాయచోటి మనిషి, నలభై దాటిన వయసు, ఊళ్ళో ముగ్గురు పిల్లలు. వాళ్ళ మామా, అంటే ఆ ఇంటి కువైటీ యజమానురాలు, ఏదైనా వండినప్పుడు మా ఉస్తాద్ ఇంటికి పళ్ళెం పంపేది. అది తెచ్చేది ఖాదర్‌బీయే. నన్ను మౌలీసాబ్ అని పిలిచేది. నేను మౌల్వీని కాదు. కాదని ఒక్కసారి కూడా చెప్పలేదు. వినడానికి బాగుండేది.

ఆ ఏడు చలి గట్టిగా పట్టింది. ఎడారి చలి తెలియనివాళ్ళకు చెబితే నమ్మరు, ఇసుక మీద నుంచి వచ్చే గాలి ఎముకల్లోకి పోతుంది. ఉస్తాద్ చక్కెర జబ్బుతో కాలికి పుండు పడి మంచం పట్టారు. దివానియాలో నేనొక్కణ్ణే. అలాంటి రోజుల్లో ఖాదర్‌బీ పళ్ళెం తెచ్చి, వంటింటి గడప దగ్గర నిలబడి కల చెప్పింది. మెడదాకా బావి నీళ్ళలో నిలబడి ఉందట. ఎవరో వెనక నుంచి తలకు గుడ్డ చుట్టి బిగిస్తున్నారట. బయట నుంచి పిలుస్తున్నారు, కాళ్ళు కదలడం లేదు.

ఉస్తాద్ లోపలి గదిలో మెలకువగానే ఉన్నారు. తీసుకుపోయి ఉంటే సరిపోయేది. జబ్బు మనిషిని ఎందుకు కదిలించడం అనుకున్నానని అప్పట్లో నాకు నేను చెప్పుకున్నాను. అసలు కారణం అది కాదు. ఆమె మౌలీసాబ్ అన్నది నన్ను, ఆయన్ను కాదు.

నీళ్ళు బతుకుతెరువు, తలకు చుట్టే గుడ్డ గౌరవం, కాళ్ళు కదలకపోవడం కొలువు స్థిరపడటం అని చెప్పాను. మంచి కల కన్నావు, మీ మామా దగ్గర నీ మాటకు విలువ పెరుగుతుంది అన్నాను. ఆమె కొంగు తల మీదకు లాక్కుని సంతోషంగా వెళ్ళింది.

కొన్నాళ్ళకు మళ్ళీ వచ్చింది. ఈసారి ముఖం వాడిపోయి ఉంది. "మౌలీసాబ్, ఆ కల మల్లా వచ్చినాది. ఈ తూరి శానా చెడ్డగా ఉండాది. పొద్దున లేస్తే తల..." అని మొదలుపెట్టింది. నేను చేయెత్తి ఆపేశాను. చెడ్డ కల ఎవరికీ చెప్పకూడదనేది మనలో ఉన్న పద్ధతి. ఎడమ వైపు మూడుసార్లు ఉమ్మినట్టు చేసి, అల్లాను శరణు కోరి, పక్కకు తిరిగి పడుకుంటే దాని కీడు తగలదు. మంచి పద్ధతే. భయపడ్డ మనిషికి ధైర్యం ఇస్తుంది. నేను దాన్ని వాడింది అందుకు కాదు. ముందు చెప్పిన మంచి అర్థం ఎక్కడ తప్పవుతుందోనని. మొదట చెప్పిన అర్థం ప్రకారమే కల ఫలిస్తుందని కూడా మనవాళ్ళు అంటారు కదా, రెండోసారి వింటే నా మాట చెడుతుంది. చెప్పొద్దు, చెప్తే తగులుకుంటుంది అన్నాను. ఆమె నోట్లో మాట నోట్లోనే ఉంచుకుని వెళ్ళిపోయింది.

రెండు కలలు

ఆ వారంలోనే ఒక మధ్యాహ్నం పళ్ళెం మంగమ్మ తెచ్చింది. అదే ఇంట్లో పనిచేసే కోనసీమ అమ్మాయి, వచ్చి ఏడాది కూడా కాలేదు. ఖాదర్‌బీ ఏదీ అంటే, ఒంట్లో బాగోలేదని చెప్పింది.

"వణికిపోతందండి. మామా మంచిదండి, ఇంకాసిని బొగ్గులేసి, గాలి కొట్టకుండా తలుపేసేసి తొంగోమంది. ఆయ్, మిమ్మల్నొకటి అడగమంటారా? ఆవిడికొచ్చే కలే నాకూ వత్తందండి."

ఆమెకు కనిపించింది బావి కాదు, కాలవ. ఎవరో తడిగుడ్డ తలకు కట్టి నొక్కుతున్నారు. గట్టు మీద నుంచి పిలుపులు. కాళ్ళు రావు.

నా ఒళ్ళు పులకరించింది. ఒకరు ముస్లిం, ఒకరు హిందువు. ఒకరిది రాయలసీమ, ఒకరిది గోదావరి. ఇద్దరికీ ఒకే కల. చాలామందికి ఒకే తీరున కనిపించిన కలకు బలం ఎక్కువని మా పుస్తకాల్లో ఉంది. అలాంటిది పుస్తకంలో చదవడమే గాని కళ్ళారా చూసినవాడు మా గదిలో ఎవరూ లేరు. మంగమ్మను పంపించేసి కూర్చుని, రెండు కలలనూ అరబీలో కార్డు మీద ఎక్కించాను. ఒక మాట నచ్చక చించేసి మళ్ళీ రాశాను. ఉస్తాద్ గ్రంథంలో ఈ ఉదాహరణ కింద నా పేరు వస్తుందనుకున్నాను. గంట పైనే పట్టింది. ఆ అమ్మాయి చెప్పిన బొగ్గుల మాట, తలుపు మాట నా చెవిన పడ్డాయి. అవి కలలో భాగం కాదు గనక రాయలేదు.

కార్డు తీసుకుని ఉస్తాద్ మంచం దగ్గరికి వెళ్ళి చదివాను. ఆయన కళ్ళు మూసుకుని విన్నారు.

"ఒకరికొకరు చెప్పుకున్నారా?"

ఖాదర్‌బీ కల సంగతి మంగమ్మకు తెలుసన్నాను.

"తెల్లారి లేచాక ఎలా ఉంటున్నారు?"

తలనొప్పి అని ఏదో అనబోయింది, నేను చెప్పనివ్వలేదు అన్నాను. ఆయన కళ్ళు తెరిచారు.

"ఎక్కడ పడుకుంటారు? ఇద్దరూ ఒకే గదిలోనా?"

అదీ అడగలేదన్నాను.

"ఆ గదిలో ఏం వెలిగిస్తున్నారు?"

అప్పుడు మంగమ్మ మాటలు నా నోటి నుంచి వచ్చాయి, బొగ్గులు, మూసిన తలుపు, లోపల పడుకున్న ఖాదర్‌బీ. ఉస్తాద్ పుండు కాలు నేల మీద పెట్టి లేవబోయి పడిపోయారు. పడినచోటి నుంచే, నన్ను పట్టుకోకు, వెళ్ళు, యల్లా అని అరిచారు. ఆ గొంతు నేను ముందెన్నడూ వినలేదు.

సత్తిబాబు కారు కడుగుతున్నాడు. ఇద్దరం పక్క విల్లాకు పరిగెత్తాం. గరాజు వెనక సామాన్ల గదిని పనివాళ్ళకు ఇచ్చారు. తలుపు లోపల గడియ వేసి ఉంది. ఉన్న ఒక్క కిటికీకి గాలి రాకుండా దుప్పటి కట్టి ఉంది. సత్తిబాబు భుజంతో తలుపు విరగ్గొట్టాడు. చాప పక్కనే కుంపటి, నిప్పులు ఎర్రగా ఉన్నాయి, పొగ కొంచెం కూడా లేదు. పొగ లేకపోవడమే దాని మోసం, మూసిన గదిలో బొగ్గుల విషవాయువు కంటికి కనబడదు. ఖాదర్‌బీని ఎత్తుకుని బయట ఇసుకలో పడుకోబెట్టాం. పిలిస్తే పలకలేదు. మామా చెప్పులు లేకుండా పరిగెత్తుకొచ్చి, చలి అంటోందని నేనే వేయించాను, నేనే వేయించాను అని తలబాదుకుంది. ఆమెను ఏమీ అనకండి అని ఆ తర్వాత చాలామందికి చెప్పాల్సి వచ్చింది. ఆ చలికాలం ఎన్నో ఇళ్ళల్లో కుంపటి పెట్టుకున్నారు. ఆమె దగ్గర కలల పుస్తకాలు లేవు. నా దగ్గర ఉన్నాయి.

అడగడం

ఖాదర్‌బీ బతికింది. రెండు రోజులకు కళ్ళు తెరిచింది. మంగమ్మకూ పొద్దున్నే తలనొప్పి ఉండేదట, అది తగ్గింది, కలా పోయింది.

ఉస్తాద్ నన్ను పని నుంచి తీసేస్తారనుకున్నాను. తీసేయలేదు. "రేపటి నుంచి నువ్వు అర్థం చెప్పవు. అడుగుతావు. అడిగి, రాసి, నోరు మూసుకుంటావు," అన్నారు. ఆయన ఉన్నన్నాళ్ళూ అదే నా పని అయింది. ఎవరు కల చెప్పినా, ఎక్కడ పడుకున్నావు, పక్కన ఎవరు, ఏం తిన్నావు, లేచాక ఒళ్ళు ఎలా ఉంది, దేని గురించి భయం అని అడిగేవాణ్ణి. చాలా కలలు ఆ ప్రశ్నల దగ్గరే ఆగిపోయేవి. కొన్ని వైద్యుడి దగ్గరికి వెళ్ళేవి, కొన్ని కఫీల్ దగ్గరికి. ఉస్తాద్ దగ్గరికి మిగిలి వచ్చేవి బహు తక్కువ. పాత పుస్తకాలు రాసినవాళ్ళు మనకంటే మూఢులు అనుకుని మీలో కొందరు నవ్వుకుంటారు. నేను చదివినంతలో, వాళ్ళలో మంచివాళ్ళు చెప్పడం కంటే అడగడం ఎక్కువ చేశారు. వాళ్ళ జవాబులు పాతబడ్డాయి, ప్రశ్నలు పాతబడలేదు. మూఢత్వం నాది. ప్రశ్నలు వదిలేసి జవాబులు మాత్రం తీసుకున్నాను.

ఆసుపత్రికి వెళ్ళడానికి నాకు కొన్నాళ్ళు ధైర్యం చాలలేదు. చివరికి మంగమ్మను తోడు తీసుకుని వెళ్ళాను. ఖాదర్‌బీ నన్ను గుర్తుపట్టింది. కాని పిల్లల పేర్లు కలిపేస్తోంది, పొద్దున ఏం తిన్నదీ చెప్పలేకపోతోంది. మెదడుకు దెబ్బ తగిలింది, కొంత తిరిగి రావచ్చు, కొంత రాకపోవచ్చు అన్నాడు డాక్టరు. పాత సంగతులు మాత్రం ఆమెకు బాగానే గుర్తున్నాయి.

"మౌలీసాబ్, ఆ కల మంచిదే గదా?" అంది. "ఆ గది వద్దు, వంటింట్లో పండుకుంటానని మామాను అడగల్లనుకొన్యా. నువ్వు మంచిదంటివి. ఇంగ అడగలా."

నేను మౌల్వీని కాదని, ఆ కల అర్థం నాకు తెలియదని, తెలిసినట్టు చెప్పానని, రెండోసారి వస్తే నా మాట నిలబెట్టుకోవడానికి నోరు మూయించానని చెప్పాను. 

"తెలీదని ఆ పొద్దే చెప్పింటే సరిపోయుండు గదప్పా," అంది. ఏడ్చింది.

తర్వాతి శుక్రవారం వెళ్ళాను. ఆమెకు ఆ మాటలేవీ గుర్తులేవు. కల గుర్తుంది, నేను చెప్పిన మంచి అర్థం గుర్తుంది. "ఆ కల మంచిదే గదా మౌలీసాబ్?" అని మళ్ళీ అడిగింది. నేను మళ్ళీ మొదటి నుంచి చెప్పాను. మళ్ళీ ఏడ్చింది. ఆ పై శుక్రవారమూ అంతే. బయటికి వచ్చాక మంగమ్మకు కోపం వచ్చింది.

"ఊరుకోండి బాబూ. మంచిదేనని ఒక్క ముక్క అనేత్తే పోద్ది కదా. ఎలాగూ మర్చిపోద్ది. ఆవిడ్ని ఏడిపించి మీరేం బావుకుంటారండి?"

ఆమె అన్నదాంట్లో న్యాయం ఉంది. అంతూన్ కూడా అదే అన్నారు. దీని మీద నేను చాలా ఆలోచించాను, ఇప్పటికీ తేలలేదు. నిజం చెప్పడం ఆమె కోసమా, నా బరువు దించుకోవడానికా అని ఎవరైనా అడిగితే ఖచ్చితంగా చెప్పలేను. ఒక్కటి మాత్రం ఆ ఆసుపత్రి మెట్ల మీదే నిర్ణయించుకున్నాను. ఆ మనిషికి ఆ కల గురించి నా నోటితో ఇంకోసారి మంచిది అనను. ఎన్నిసార్లు అడిగితే అన్నిసార్లు తెలియదనే చెబుతాను.

మామా ఆమె జీతం ఆపకుండా, టిక్కెట్టు తీసి, ఊరికి పంపే ఏర్పాటు చేసింది. విమానాశ్రయానికి సత్తిబాబు కారులో తీసుకెళ్ళాం. దారి పొడుగునా కిటికీలోంచి చూస్తూ కూర్చుంది. లోపలికి పోయే ముందు ఏదో జ్ఞాపకం వచ్చినట్టు వెనక్కి తిరిగింది.

"మౌలీసాబ్, నాకొక కల వచ్చినాది. బావిలో నిలబడినట్టు. దానికి అర్థమేంది?"

"నాకు తెలియదు, ఖాదర్‌బీ," అన్నాను.

ఈసారి ఏడవలేదు. నన్ను కాసేపు ఎగాదిగా చూసి, సంచి చంకలోకి సర్దుకుంది.

"సరే, ఉండనీలే. మా ఊర్లో తెలిసినోల్లను ఎవురినన్నా అడుగుతా," అని లోపలికి వెళ్ళిపోయింది.